పాలస్తీనీయులకు సముద్రం ఎందుకింత దూరం? తరచుగా అడిగే ప్రశ్నలు

జెరూసలేం యాత్ర చేసి వచ్చినవాళ్లు, టెల్ అవీవ్‌లో ఉద్యోగాలు చేసుకుంటున్న మనవాళ్లు, వార్తల్లో గాజా తీరాన్ని చూసి ఆలోచనలో పడ్డవాళ్లు తరచూ అడిగే ప్రశ్నలివి. కొన్నిటికి జవాబు రెండు ముక్కల్లో తేలిపోతుంది. కొన్నిటికి పర్మిట్లు, మైళ్లు, గంటల లెక్కలన్నీ విప్పి చెప్పాల్సి వచ్చింది.

పాలస్తీనా మధ్యధరా సముద్రం ఒడ్డునే ఉంది కదా, మరి సముద్రం కోసం తపన ఏమిటి?

పాలస్తీనా ఇప్పుడు రెండు విడి ముక్కలు. ఒకటి గాజా. దాదాపు 40 కిలోమీటర్ల తీరం, 365 చదరపు కిలోమీటర్ల నేల, ఇరవై లక్షలకు పైగా జనం. రెండోది వెస్ట్‌బ్యాంక్. అది కొండ ప్రాంతం, దానికి మధ్యధరా తీరం ఒక్క అడుగు కూడా లేదు. రెండిటి మధ్య ఇజ్రాయెల్ భూభాగం ఉంది. అనుమతి లేకుండా ఇటువాళ్లు అటు, అటువాళ్లు ఇటు పోలేరు.

అందుకే గాజాలో పుట్టినవాళ్లకు సముద్రం ఉండేది, దాన్ని దాటి బయటికి పోయే దారి ఉండేది కాదు. వెస్ట్‌బ్యాంక్‌లో పుట్టినవాళ్లకు జోర్డాన్ మీదుగా ప్రపంచానికి దారి ఉంది, ఇంటి ముందరి సముద్రానికి లేదు. నాబ్లుస్‌లో పెరిగిన ఇరవై ఏళ్ల కుర్రాడు ఇస్తాంబుల్ చూసి ఉండొచ్చు కానీ గంట ప్రయాణంలో, ఇజ్రాయెల్‌లో టెల్ అవీవ్‌ను ఆనుకుని ఉన్న యాఫా ఒడ్డున కాలు తడిపి ఉండకపోవచ్చు.

అసలు దూరం ఎంత?

వెస్ట్‌బ్యాంక్ పడమటి అంచున ఉన్న తుల్కరమ్, కల్కిల్యా ఊళ్ల నుంచి సముద్రం దాదాపు 15 కిలోమీటర్లు. ఒంగోలు నుంచి కొత్తపట్నం తీరం ఎంత దూరమో ఇదీ ఇంచుమించు అంతే. నాబ్లుస్ నుంచి 40 కిలోమీటర్లు, రమల్లా నుంచి యాఫాకు తిన్నగా కొలిస్తే 45 కిలోమీటర్ల చిల్లర. ఆదివారం పొద్దున్నే బయల్దేరి, మధ్యాహ్నం చేపల పులుసుకి ఇంటికి చేరిపోగల దూరాలివి.

కల్కిల్యా మిగతా ఊళ్లలాంటిది కాదు. ఊరి పడమటి వైపు ఎనిమిది మీటర్ల ఎత్తు కాంక్రీటు గోడ నిలబెట్టారు. గోడకు అవతలే ఇజ్రాయెల్ హైవే. సాయంత్రాలు పడమటి గాలి వీచినప్పుడు సముద్రపు చెమ్మ గోడ దాటి ఊళ్లోకి వస్తుంది. ఊళ్లోవాళ్లు మాత్రం గోడ దాటలేరు.

రమల్లా కొండల మీది నుంచి సముద్రం కనిపిస్తుందంటారు, నిజమేనా?

నిజమే. రమల్లా సముద్రమట్టానికి దాదాపు 880 మీటర్ల ఎత్తున ఉంది. అంత ఎత్తు నుంచి లెక్క ప్రకారం చూపు వంద కిలోమీటర్లు దాటి పోతుంది, తీరం అందులో సగం దూరమే. అడ్డు పడేది భూమి గుండ్రదనం కాదు, గాలిలోని మసక.

ఎండాకాలంలో తీరం తేమ ఒక తెల్లటి పొరలా కమ్మేస్తుంది. వసంతంలో ఎడారి గాలి దుమ్ము మోసుకొస్తుంది. ఆ రోజుల్లో ఎంత కళ్లు చికిలించినా ఏమీ ఆనదు. చలికాలంలో వాన వెలిసిన మర్నాడు, పొద్దు గుంకడానికి గంట ముందు, పడమటి వాలున ఉన్న మేడ మీదికి ఎక్కాలి. రమల్లా పక్కనున్న బీర్‌జైత్ ఊరి వైపు కొండలైనా సరే. ముందుగా టెల్ అవీవ్ మేడలు పళ్ల వరుసలా కనిపిస్తాయి. వాటి వెనక ఆకాశం అనుకున్న పట్టీ ఒకటి ఉన్నట్టుండి ఇత్తడి పళ్లెంలా మెరుస్తుంది. అదే సముద్రం.

రాత్రిపూట గుర్తుపట్టడం ఇంకా తేలిక. మైదానం పొడుగునా దీపాలు పరుచుకుని ఉంటాయి, ఒకచోట గీత గీసినట్టు ఆగిపోతాయి. ఆ గీతకు అవతల ఉన్న చీకటే సముద్రం. పిల్లలకు పెద్దవాళ్లు చూపించేది చాలాసార్లు ఆ చీకటినే.

1948కి ముందు వీళ్లకు సముద్రంతో ఎలాంటి సంబంధం ఉండేది?

సముద్రం వాళ్ల బతుకుతెరువు, తిరునాళ్ల చోటు కూడా. మన బైబిలులో యొప్పే అని చదువుకునే ఊరే యాఫా. యోనా ఓడ ఎక్కింది అక్కడే, చర్మకారుడైన సీమోను ఇల్లు సముద్రపు దరిన ఉన్నదీ అక్కడే. అరబ్బులు దాన్ని 'అరూస్ అల్ బహర్' అంటారు, కడలి పెళ్లికూతురు అని. నారింజ పండ్ల పెట్టెలు ఆ రేవు నుంచే యూరప్‌కు వెళ్లేవి.

యాఫాకు దక్షిణాన ఇసుక దిబ్బల్లో నబీ రూబీన్ దర్గా ఉంది. రూబీన్ అంటే యాకోబు పెద్ద కొడుకు రూబేను. వేసవి చివర్లో యాఫా, రమ్లా, లిద్దా ఊళ్ల కుటుంబాలు అక్కడికి తరలివెళ్లి గుడారాలు వేసుకుని దాదాపు నెల రోజులు ఉండేవి. వంటలు, పాటలు, సముద్రస్నానాలు. ఆడవాళ్లు మొగుళ్లతో ఒక మాట అనేవారు: "నన్ను రూబీన్‌కైనా తీసుకెళ్లు, లేదా తలాకైనా ఇవ్వు." ఆ మాట ఇప్పటికీ సామెతగా వాడుకలో ఉంది. దానికి కారణమైన తిరునాళ్లు 1948తో ఆగిపోయాయి.

గాజా, అస్కలాన్ తీరాల్లో 'అర్బఆ అయ్యూబ్' ఉండేది, అంటే యోబు బుధవారం. వసంతంలో ఆ రోజు సముద్రంలో మునిగితే యోబుకు ఒంటి పుండ్లు మానినట్టు తమ రోగాలూ పోతాయని నమ్మకం. బిడ్డలు కావాలనుకునే ఆడవాళ్లు అలల్లో స్నానం చేసేవారు. కార్తీక పౌర్ణమికి సముద్రస్నానాలు చేసే మనకు ఇది కొత్తగా అనిపించదు.

1948లో ఇజ్రాయెల్ ఏర్పడినప్పటి యుద్ధంలో ఏడు లక్షలకు పైగా పాలస్తీనీయులు ఇళ్లు విడిచి పోవాల్సి వచ్చింది. ఏప్రిల్‌లో హైఫా, మే నెలలో యాఫా పాలస్తీనీయులు పోయి దాదాపు ఖాళీ అయ్యాయి. చాలామంది పడవలెక్కి గాజాకో బేరూత్‌కో చేరారు. అస్కలాన్ దగ్గరి అల్ జూరా, హమామా ఊళ్ల జాలర్లు గాజాకు వచ్చి పడి, అక్కడే మళ్లీ వేట మొదలుపెట్టారు. గాజాలోని శాతీ శిబిరం పేరుకు అర్థమే 'ఒడ్డు'. యాఫా చుట్టుపక్కల ఊళ్లవాళ్లు కొందరు నాబ్లుస్ దగ్గరి బలాతా శిబిరంలో తేలారు, కొండల మధ్య. సముద్రపు ఊళ్ల పేర్లు చెప్పుకుంటూ సముద్రం చూడని తరాలు అక్కడ పెరిగాయి. ఈ తపనను షికారు సరదా అనుకుంటే పొరపాటు. అది ఇంటి మీద బెంగ.

అప్పటి నుంచీ దారి మూసే ఉందా?

లేదు. ఇది తెలియక చాలామంది తికమకపడతారు. 1967లో వెస్ట్‌బ్యాంక్, గాజా ఇజ్రాయెల్ సైన్యం చేతిలోకి వెళ్లాక, 1972 నుంచి ఒక సాధారణ అనుమతి కింద పగటిపూట దాదాపు ఎవరైనా ఇజ్రాయెల్‌లోకి వెళ్లిరాగలిగేవారు. డెబ్బైలు, ఎనభైలలో రమల్లా, హెబ్రోను కుటుంబాలు శుక్రవారం కారేసుకుని యాఫా ఒడ్డుకు వెళ్లడం మామూలు విషయం. ఇప్పుడు అరవై దాటినవాళ్ల దగ్గర ఆ ఫోటోలు ఉంటాయి.

1991 జనవరిలో, గల్ఫ్ యుద్ధ సమయంలో, ఆ సాధారణ అనుమతి రద్దయింది. మనిషి మనిషికీ వేరే పర్మిట్ కావాల్సి వచ్చింది. 1993 మార్చిలో మొత్తంగా మూసివేత పెట్టారు. 2002లో గోడ కట్టడం మొదలైంది, చాలాచోట్ల అది కంచె రూపంలో ఉంటుంది. దాని దారి మొత్తం 700 కిలోమీటర్లకు పైనే, అందులో అత్యధిక భాగం వెస్ట్‌బ్యాంక్ నేల లోపలి నుంచే పోతుంది. తాతకు తెలిసిన సముద్రం మనవడికి కథ అయిపోవడం వెనక ఉన్నది ఈ మూడు తేదీలే.

ఇజ్రాయెల్ దీనికి చెప్పే కారణం ఏమిటి?

భద్రత. 2000లో మొదలైన రెండో ఇంతిఫాదాలో, అంటే పాలస్తీనీయుల తిరుగుబాటులో, బస్సుల్లో, హోటళ్లలో ఆత్మాహుతి దాడులు జరిగి వందలమంది పౌరులు చనిపోయారు. 2023 అక్టోబర్ 7న హమాస్ మనుషులు కొందరు గాజా నుంచి పడవల మీదే ఇజ్రాయెల్‌లోని జికీమ్ తీరానికి చేరారు. ఈ భయం కల్పితం కాదు.

కానీ ఆ భయానికి వేసిన మందు లక్షలాది మందికి ఒకే కొలతలో వేసింది. గోడను పాలస్తీనా భూమిలో కట్టడం అంతర్జాతీయ చట్టానికి విరుద్ధమని అంతర్జాతీయ న్యాయస్థానం 2004 జూలై 9న అభిప్రాయం చెప్పింది. 2024 జూలై 19న ఆక్రమణ కొనసాగడమే చట్టవిరుద్ధమని అంది. ఏడేళ్ల పిల్లకు అలలు చూపించకపోవడానికి భద్రత చాలినంత కారణమని మేం అనుకోవడం లేదు.

సముద్రానికి వెళ్లాలంటే పర్మిట్ ఎలా తీసుకోవాలి?

ముందు కార్డులు తెలియాలి. వెస్ట్‌బ్యాంక్ వాసులకు ఆకుపచ్చ కవరు గుర్తింపు కార్డు, అరబ్బీలో హవియ్యా. తూర్పు జెరూసలేం వాసులకు నీలం కార్డు. నీలం కార్డు ఉన్నవాళ్లు, ఇజ్రాయెల్ పౌరులైన పాలస్తీనీయులు ఎప్పుడంటే అప్పుడు బీచ్‌కు వెళ్లొచ్చు. ఆకుపచ్చ కార్డు ఉన్నవాళ్లకు 'తస్రీహ్' కావాలి, అంటే పర్మిట్. ఒకే ఇంట్లో భార్యది నీలం కార్డు, భర్తది ఆకుపచ్చ కార్డు అయ్యే సందర్భాలున్నాయి. అప్పుడు పిల్లలను బీచ్‌కు తీసుకెళ్లేది తల్లి ఒక్కతే.

2023 అక్టోబర్ దాకా నడిచిన పద్ధతి ఇది. మొదట వేలిముద్రలతో కూడిన మాగ్నెటిక్ కార్డు తీసుకోవాలి. తర్వాత సైన్యం జిల్లా కార్యాలయంలో గానీ 'అల్ మునస్సిఖ్' అనే ఫోన్ యాప్‌లో గానీ దరఖాస్తు పెట్టాలి. కారణం రాయాలి: పని, వైద్యం, వ్యాపారం, పండుగ ప్రార్థన. ఈ వరుసలో 'సముద్రం చూడటం' అనే గడి లేదు. అందుకే జనం రంజాన్, ఈద్ రోజుల్లో ఇచ్చే కుటుంబ పర్మిట్ల కోసం ఏడాదంతా ఎదురుచూసేవారు. జెరూసలేంలోని అల్ అక్సా మసీదులో నమాజుకని ఇచ్చిన పర్మిట్‌తోనే, నమాజు అయ్యాక, యాఫాకు బస్సెక్కేవారు. యాభై ఐదు దాటిన మగవాళ్లు, యాభై దాటిన ఆడవాళ్లు చాలా కాలం పర్మిట్ లేకుండానే దాటగలిగారు. దాంతో నానమ్మ వెళ్లగలిగే చోటికి మనవరాలు వెళ్లలేకపోయేది.

పని చెడే చోట్లు చాలా ఉండేవి. అయిదుగురు దరఖాస్తు పెడితే నలుగురికి వస్తుంది, తండ్రికి 'మమ్నూ అమ్నీ' అని వస్తుంది, అంటే భద్రతా కారణాలతో నిషేధం. ఏ కారణమో చెప్పరు. కొన్ని పర్మిట్లు యూదుల పండుగ మూసివేతల్లో చెల్లవు. వెస్ట్‌బ్యాంక్ నంబరు ప్లేటు ఉన్న కారు అవతలికి పోదు. చెక్‌పోస్టు దాకా ఒక బండి, ఇనుప తిరుగుడు గేట్ల గుండా నడక, అవతల ఇంకో బస్సు. చంటిపిల్లల తోపుడుబండి, ఐసు డబ్బా, గొడుగు ఆ గేట్లలో ఇరుక్కుంటాయి. పర్మిట్ మీద వేళలు రాసి ఉంటాయి, చాలావాటికి రాత్రి ఉండిపోయే వీలు లేదు. పొద్దున అయిదింటికి లేచి వెళ్లినా నీళ్లలో గడిపేది మూడు నాలుగు గంటలే.

2023 అక్టోబర్ 7 తర్వాత ఈ పర్మిట్లలో చాలావరకు నిలిపేశారు. అప్పటిదాకా సుమారు లక్షన్నర మంది పనికి వెళ్లివచ్చేవారు, వాళ్ల దారీ మూసుకుంది. ఐక్యరాజ్యసమితి 2025 ఆరంభంలో లెక్కపెడితే వెస్ట్‌బ్యాంక్ లోపలే రాకపోకలకు 849 అడ్డంకులు తేలాయి: చెక్‌పోస్టులు, గేట్లు, మట్టి దిబ్బలు. కాబట్టి ఇప్పుడు సముద్రం మాట అటుంచి పక్క ఊరికి ఎన్నింటికి చేరతారో చెప్పడమే కష్టం.

పర్మిట్ లేకుండా వెళ్లేవాళ్లు ఉంటారా?

ఉంటారు. 2020 ఆగస్టులో బక్రీద్ రోజుల్లో తుల్కరమ్ దగ్గరి ఫర్‌ఊన్ వంటి ఊళ్ల పక్కన కంచెలో పడ్డ కంతల గుండా వేలకు వేల మంది యాఫా, నెతన్యా ఒడ్డులకు వెళ్లారు. సైనికులు చూసీ చూడనట్టు ఊరుకున్నారు. ముసలమ్మలను చేతుల మీద కంత దాటించారు. ఆ కొన్నాళ్లలో మొదటిసారి సముద్రం చూసినవాళ్లు చాలామంది.

దాన్ని చూసి ఎప్పుడూ అలాగే ఉంటుందనుకోకూడదు. కంచె దగ్గర కాల్పుల్లో చనిపోయినవాళ్లు, గాయపడ్డవాళ్లు ఉన్నారు. దొరికితే అరెస్టు, ఆపైన ఏళ్ల తరబడి పర్మిట్ నిరాకరణ. ఎక్కించుకున్న డ్రైవరు మీద కూడా కేసు, బండి జప్తు.

మృత సముద్రం వెస్ట్‌బ్యాంక్ అంచునే ఉంది కదా?

ఉంది. కానీ ఆ ఒడ్డంతా ఇజ్రాయెల్ నియంత్రణలోని 'సి' ప్రాంతం కిందికి వస్తుంది. వెస్ట్‌బ్యాంక్‌లో 60 శాతం దాకా ఆ ప్రాంతమే. బీచ్‌లను ఇజ్రాయెలీ సెటిల్‌మెంట్లవాళ్లు, అంటే ఆక్రమిత నేలలో ఊళ్లు కట్టుకున్న ఇజ్రాయెలీలు, నడుపుతారు, టికెట్ కొనాలి. పాలస్తీనీయులను రానిచ్చే రోజులున్నాయి, దారిలో వెనక్కి పంపే రోజులూ ఉన్నాయి.

పైగా అది వేరే నీరు. ఉప్పు దాదాపు 34 శాతం, మామూలు సముద్రానికి తొమ్మిది రెట్లు. మనిషి తేలతాడు, ఈదలేడు. కంట్లో చుక్క పడితే మంట, బోర్లా పడితే తిరగడం కష్టం. అల ఉండదు, చేప ఉండదు. జోర్డాన్ నది నీటిని పైనే మళ్లించడం వల్ల, ఖనిజాల కోసం నీటిని ఆవిరి చేయడం వల్ల మట్టం ఏటా మీటరుకు పైగా పడిపోతోంది. నీరు తగ్గిన చోట మంచినీటి ఊట కింది ఉప్పు పొరను కరిగించి నేల ఉన్నట్టుండి గుంటగా కూలుతుంది. కంచె కట్టిన చోట దిగకండి, అది ఎవరికైనా ప్రమాదమే.

మొదటిసారి సముద్రంలో దిగేవాళ్లకు ఏ ప్రమాదాలు ఎదురవుతాయి?

కొండల్లో పెరిగినవాళ్లకు ఈత నేర్చుకునే చోట్లు తక్కువ. ఈద్ రోజు యాఫా, టెల్ అవీవ్ ఒడ్డుల్లో మునిగిపోయినవాళ్లలో వెస్ట్‌బ్యాంక్ నుంచి వచ్చినవాళ్లు ఉంటూ వచ్చింది అందుకే. గార్డులు ఉండే వేళ దాటిపోయినా, 'మళ్లీ ఎప్పుడొస్తామో' అని నీళ్లలోనే ఉండిపోయేవారు.

అక్కడి జెండాలు మూడు. తెలుపు అయితే దిగొచ్చు, ఎరుపు అయితే ప్రమాదం, నలుపు అయితే దిగడమే నిషేధం. అలలు విరగకుండా నీరు నున్నగా, ముదురు రంగులో కనిపించే సందు భద్రమైన చోటులా ఉంటుంది. నిజానికి లోపలికి లాగేసే ప్రవాహం అక్కడే ఉంటుంది. రాతి కట్టల పక్కన ఇంకా ఎక్కువ. లాగేస్తుంటే ఒడ్డు వైపు కొట్టుకోకుండా ఒడ్డుకు సమాంతరంగా పక్కకు ఈదాలి. విశాఖ ఆర్కే బీచ్‌లో కుర్రాళ్లను పొట్టన పెట్టుకుంటున్నదీ ఇలాంటి లాగుడే.

జూన్, జూలైలో తెల్లటి పెద్ద జెల్లీఫిష్‌ల మందలు వస్తాయి. సూయజ్ కాలువ గుండా ఇటు చేరిన జాతి అది. కుడితే సముద్రపు నీళ్లతోనే కడగాలి. మంచినీళ్లు, వెనిగర్ పోయకూడదు, రుద్దకూడదు. పోస్తే చర్మానికి అంటుకున్న ముళ్ల తిత్తులు ఇంకా పేలతాయి.

గాజావాళ్లకు తీరం ఉంది కాబట్టి ఈ బాధ ఉండేది కాదా?

2005 దాకా అక్కడా తీరమంతా వాళ్లది కాదు. ఖాన్ యూనిస్ వాసులకు, సముద్రానికి మధ్య ఇజ్రాయెలీ సెటిల్‌మెంట్లు ఉండేవి. నాలుగు కిలోమీటర్ల దూరంలో సముద్రం పెట్టుకుని ఏళ్ల తరబడి చూడనివాళ్లు ఉండేవారు. 2005 సెప్టెంబర్ 12న సైన్యం వెళ్లిపోయిన రోజు జనం బట్టలతోనే పరిగెత్తి అలల్లో పడ్డారు.

తర్వాత సముద్రం మీదే గీతలు పడ్డాయి. ఇజ్రాయెల్‌తో పాలస్తీనా నాయకత్వం చేసుకున్న 1994 ఒప్పందం ప్రకారం 20 నాటికల్ మైళ్ల దాకా చేపల వేటకు వెళ్లొచ్చు. ఒక నాటికల్ మైలు 1.852 కిలోమీటర్లు. 2006లో దాన్ని 6 మైళ్లు చేశారు. 2007లో దిగ్బంధం వచ్చింది. 2009 జనవరిలో 3 మైళ్లకు కుదించారు. 2012 నవంబర్ కాల్పుల విరమణతో మళ్లీ 6. 2019లో కొన్నిచోట్ల 15 దాకా ఇచ్చి, మళ్లీ మళ్లీ తగ్గించారు. గాజా నుంచి నిప్పు కట్టిన గాలిబుడగలు ఇజ్రాయెల్ మీదికి ఎగిరితే ఆ రాత్రికే మైళ్లు తగ్గేవి, వేట చేసేవాడికీ బుడగకూ సంబంధం లేకపోయినా.

మూడు మైళ్ల లోపల నేల ఇసుక, నీరు లోతు తక్కువ. అక్కడ వల వేస్తే పడేవి పిల్ల చేపలే. పెద్దవి దొరికే రాతి నేల, సార్డైన్ల మందలు చాలావరకు ఆ గీతకు ఆవలే ఉండేవి. నాలుగు వేల మందికి పైగా జాలర్లు ఆ ఇరుకు పట్టీలోనే వలలు వేస్తే రేపటి చేప ఈరోజే అయిపోతుంది. నీటి మీద గీత కంటికి కనబడదు. జీపీఎస్ ఉన్నా ఇంజను ఆగితే ప్రవాహం పడవను గీత దాటించేది. అప్పుడు ఇజ్రాయెల్ గస్తీ ఓడ ముందు మైకులో హెచ్చరించేది, తర్వాత నీటి ఫిరంగి, తర్వాత తూటాలు. పడవను పట్టుకుపోతే తిరిగి రావడానికి నెలలు, ఏళ్లు. ఫైబర్‌గ్లాస్, ఇంజను విడిభాగాలు గాజాలోకి రానివ్వకపోవడంతో అతుకుల మీద అతుకులు వేసి నడిపించేవారు.

'హస్కా' అనేది చిన్న పడవ, తెడ్డుతోనో చిన్న ఇంజనుతోనో నడుస్తుంది. 'లాంష్' పెద్దది. వసంతంలో సార్డైన్ కాలానికి పడవలు రాత్రిపూట దీపాలు వేలాడదీసుకుని వెళ్లేవి. మన తీరంలో కవళ్లు అనే చేపల కుటుంబమే అది. గాజా ఒడ్డున కూర్చుంటే ఆ దీపాల వరుస దూరంగా ఇంకో ఊరిలా కనబడేది.

2023 అక్టోబర్ తర్వాత గాజా తీరం ఎలా ఉంది?

సముద్రాన్ని పూర్తిగా మూసేశారు. రేవును, పడవలను ధ్వంసం చేశారు. 2025 జూలైలో సైన్యం సముద్రంలో వేట, ఈత ఏదీ కూడదని మళ్లీ హెచ్చరించింది. ఒడ్డు నుంచి వందల మీటర్ల దూరం పోయినవాళ్ల మీద కూడా కాల్పులు జరిగాయి, చనిపోయారు.

అయినా ఆకలి నీళ్లలోకి దింపుతుంది. ఖాన్ యూనిస్ దగ్గర జాలర్లు పాత ఫ్రిజ్ తలుపులనే పడవలు చేసుకున్నారు. తలుపు లోపల ఉండే నురుగు పదార్థం తేలుతుంది. ఒకవైపు చెక్క కొట్టి, ఇంకోవైపు ప్లాస్టిక్ పట్టా చుట్టి నీరు చొరకుండా చేస్తారు. ఒక మనిషి మోకాళ్ల మీద కూర్చుని తెడ్డు వేయొచ్చు. వల దొరకకపోతే ఇనుప తీగతో బోను అల్లుతారు. అల కాస్త పెద్దదైతే అది తిరగబడుతుంది, అందుకే ఒడ్డు పక్కనే ఉంటారు. అక్కడ దొరికేవి గుప్పెడు చిన్న చేపలు.

గాజా దక్షిణాన అల్ మవాసీ తీరంలో లక్షలాది మంది గుడారాల్లో ఉన్నారు. సముద్రం పక్కన ఉండటమంటే ఏమిటో వాళ్లను చూస్తే తెలుస్తుంది. స్నానానికి, గిన్నెలకు, బట్టలకు ఉప్పునీరే. ఆ నీటిలోని కాల్షియం, మెగ్నీషియం సబ్బును పట్టేసి తెట్టుగా మారుస్తాయి, నురుగు రాదు. ఆరిన బట్టలో మిగిలిన ఉప్పు రాత్రి తేమను పీల్చుకుంటుంది, పొద్దున మళ్లీ చెమ్మే. పిల్లల ఒంటి మీద పొక్కులు లేస్తాయి. మామూలు మేకులు ఇసుకలో నిలవవు, ఇసుక నింపిన సంచిని లోతుగా పాతి దానికి తాడు కట్టాలి. చలికాలం తుఫానుల్లో అలలు గుడారాల లోపలికే వచ్చి పరుపులు లాక్కుపోయాయి.

గాజా సముద్రం మురికిగా ఉంటుందంటారు, ఎందుకు?

కరెంటు లేక. మురుగు శుద్ధి కేంద్రాలకు రోజంతా కరెంటు కావాలి. 2017, 2018లో రోజుకు నాలుగైదు గంటలు కూడా రాని రోజుల్లో దాదాపు పది కోట్ల లీటర్ల మురుగు రోజూ సముద్రంలోకే పోయేది. శుద్ధి కేంద్రాలు మెరుగుపడ్డాక 2022 వేసవిలో చాలాచోట్ల మళ్లీ నిర్భయంగా ఈత కొట్టారు. ఆ వేసవి తర్వాత వాళ్లకు దక్కింది ఇంకొక్క వేసవే.

వెస్ట్‌బ్యాంక్ వాళ్లు జోర్డాన్ వెళ్లి అకబాలో సముద్రం చూడలేరా?

డబ్బుంటే చూడగలరు. జోర్డాన్ నది మీది సరిహద్దు దారి అయిన అలెన్‌బీ వంతెన దాటి, మూడుచోట్ల తనిఖీలయ్యాక, అమ్మాన్ మీదుగా ఇంకో 300 కిలోమీటర్ల పైచిలుకు. వంతెన రుసుము, బస్సులు, హోటలు కలిపితే కూలివాడికి మోయలేని ఖర్చు. పైగా అది ఎర్ర సముద్రం. యాఫా నుంచి వచ్చిన కుటుంబం 'బహర్' అన్నప్పుడు వాళ్ల మనసులో ఉన్నది అది కాదు.

జెరూసలేం యాత్రకు వెళ్లే తెలుగువాళ్లు, అక్కడ పనిచేసేవాళ్లు ఏం గుర్తుంచుకోవాలి?

మీ పాస్‌పోర్టు, వీసాతో మీరు బెత్లెహేము చెక్‌పోస్టును బస్సు దిగకుండానే దాటేస్తారు. చాలా టూర్లలో బెత్లెహేము గైడు అక్కడే దిగిపోతారు. మర్నాడు మీరు ఫోటోలు దిగే యాఫా ఆయన పర్మిట్ లేకుండా రాలేని చోటు. ఆయన్ను 'మాతో వచ్చేయండి' అని సరదాకు కూడా పిలవకండి. ఎక్కించుకుంటే మీ డ్రైవరు బతుకు బజారున పడుతుంది.

నిజామాబాద్, జగిత్యాల, గోదావరి జిల్లాల నుంచి వెళ్లి ముసలివాళ్లను చూసుకునే ఉద్యోగాల్లో ఉన్నవాళ్లకు శనివారం టెల్ అవీవ్ బీచ్ అలవాటైన చోటు. పాలస్తీనా కూలీలను ఆపేశాక 2024లో తెలంగాణ నుంచి కూడా భవన నిర్మాణ పనులకు మనుషులను ఎంపిక చేసి పంపారు. పొట్టకూటికి వెళ్లినవాళ్లను తప్పుపట్టేందుకు ఏమీ లేదు. తాము నిలబడ్డ పరంజా మీద నిన్నటిదాకా ఎవరు నిలబడ్డారో తెలిసి ఉండటం మాత్రం అవసరం.

పాలస్తీనీయులతో మాట్లాడేటప్పుడు 'సముద్రం ఎప్పుడు చూశారు' అని నేరుగా అడగకండి. 'మీ పెద్దవాళ్లది ఏ ఊరు' అని అడగండి. అది వాళ్లు ఇష్టంగా జవాబు చెప్పే ప్రశ్న, సముద్రం దానంతట అదే మాటల్లోకి వస్తుంది.

సముద్రపు నీళ్లు సీసాలో పట్టుకెళ్తారట. అవి పాడవవా?

యాఫా వెళ్లగలిగినవాళ్లు రాలేని పెద్దవాళ్ల కోసం పట్టుకెళ్తారు, నిజమే. మోకాలి లోతు దాటి, నాచు లేనిచోట, అల వెనక్కి పోయాక నింపాలి. ఒడ్డు పక్కన పట్టిన నీటిలో ఇసుకతోపాటు కంటికి కనబడని జీవులు ఎక్కువ. అవి చచ్చి వారం తిరగకుండా కుళ్లిన గుడ్డు వాసన వస్తుంది. ఇంటికి చేరాక ఒక రాత్రి కదపకుండా ఉంచి, పై తేటను పలచటి నూలుగుడ్డలో వడగట్టి, ఒక పొంగు రానిచ్చి, చల్లారాక గాజు సీసాలో మూత బిగిస్తే ఏళ్ల తరబడి ఉంటుంది. మూత ఇనుముది అయితే తుప్పు పడుతుంది, బిరడా మేలు. సీసా పగిలినా, నీరు ఎండినా లీటరుకు దాదాపు నలభై గ్రాముల ఉప్పు మిగులుతుంది. మెగ్నీషియం వల్ల కాస్త చేదుగా ఉంటుంది కాబట్టి వంటలో వేయరు. చిటికెడు నాలుక మీద వేసుకుని చూసే ముసలివాళ్లు మాత్రం ఉన్నారు.